పిల్లికి దొరికిన న్యాయం

పుంగ్గోల్, సింగపూర్,
12 ఆగస్టు 2004.

పూజ్యులైన అన్నయ్యకు,

చెల్లెలు సత్యవాణి నమస్కరించి రాస్తున్నది. ఇక్కడ అంతా క్షేమమని రాయడం అలవాటు. ఈసారి చెయ్యి రావడం లేదు.

నీ వీడ్కోలు సభ వార్త పడిన పేపరు ముక్క అందింది. మున్సిఫుగా చేరిన రోజు నుంచి హైకోర్టు జడ్జిగా దిగే రోజు దాకా, ఎదుటివారి మాట వినకుండా ఒక్క తీర్పూ ఇవ్వలేదన్నావట. దేవుడి గదిలో కూర్చుని చదివాను. సహస్రనామం మధ్యలోనే ఆగిపోయింది. దేవుడి ముందు అంత కోపం రావడం నాకిదే మొదలు.

చిన్నప్పుడు పాలగిన్నె దొర్లితే, అరుగు మీద కోర్టు పెట్టి, పిల్లి తరఫున నన్ను వాదించమన్నావు. అంతా విని, పిల్లిని వదిలేశావు. కన్నకూతురికి ఆ పిల్లి పాటి విలువ లేకపోయిందా?

మీ వియ్యంకుడు జగన్మోహనరావుగారు ఫోన్ చేసి, "మీ అమూల్యకి కంప్యూటరు ఉద్యోగంతో కళ్లు నెత్తికెక్కాయండీ, మావాణ్ణి వదిలేసి పోయింది" అన్నారు. అంతే, తీర్పు అయిపోయింది. ఏమ్మా, ఏం జరిగిందని దాన్ని ఒక్క మాట అడిగావా? పైగా, దాన్ని నా ఫ్లాట్‌లో ఉంచుకుంటే నేనూ నీకు చెల్లెల్ని కానని కబురు పంపావు.

మా ఆకాష్ ఆ పేపరు చూసి, "మామయ్య కోర్టుకి ఇంట్లో పర్మనెంట్ హాలిడే ఏమో" అన్నాడు. "నాన్నని ఏమైనా అన్నావంటే ఊరుకోను బావా" అని అదే వాడి మీద లేచింది.

నాకు గట్టిగా మాట్లాడడం చేతకాదు. చదివింది పదో తరగతి. అయినా అడుగుతున్నాను. హంతకుడికి వకీలు లేకపోతే సర్కారు చేత పెట్టించేవాడివి కదా, దీనికి ఎవరిని పెట్టావు? అది నా దగ్గరే ఉంటుంది. నన్ను చెల్లెలు కాదనుకున్నా సరే.

ఇట్లు,
ఇంకా నీ చెల్లెలే అనుకుంటున్న
సత్యవాణి

తా.క.: నీ అల్లుడు మహీధర్‌కి పెళ్లికి ముందే ఇక్కడే, ఈ ఊళ్లోనే వుడ్‌ల్యాండ్స్ అనే పేటలో భార్య ఉంది, బిడ్డ ఉంది. వెళ్లి చూసి వచ్చాను. పాపం, ఆవిడ నాకు కాఫీ కూడా ఇచ్చింది. జగన్మోహనరావుగారికి అంతా తెలుసు. ఆయన నీ ముందు వాదించే వకీలు. ఇది బయటికొస్తే, ఈ సంబంధం కోసమే ఆయన కేసులు గెలిపించావని జనం అంటారని అమూల్య భయం. "నాన్న మచ్చ లేకుండా దిగేదాకా నోరు విప్పకత్తా" అని నా చేత ఒట్టు వేయించుకుంది. మొన్న నువ్వు దిగావు కనుక రాస్తున్నాను. "నాన్నే అడిగితే మాత్రం దాచలేను" అని కూడా అంది.

నువ్వు అడగలేదు.