శిబిరంలో ఒక నిమిషం

తమ్ముడూ,

పనిలో ఉన్నప్పుడు మెటికలు విరవనని నా మీద ఒట్టేసి చెప్పావు. అబద్ధం. నిన్న నా చెవులతో విన్నాను.

నువ్వు పోయి నిన్నటికి ఏడాది. సూడాన్‌లో సగంలో వదిలిన నీ డాక్యుమెంటరీని నా మనవరాలు ఇక్కడ మా పుంగ్గోల్ ఫ్లాట్‌లో కూర్చుని పూర్తిచేస్తోంది. ఎక్కడ షూటింగ్ ముగిసినా అందరినీ కదలకుండా నిలబెట్టి, ఆ చోటి నిశ్శబ్దాన్ని ఒక నిమిషం రికార్డు చేసేవాడివట. శరణార్థి శిబిరంలో నువ్వు తీసిన ఆఖరి నిమిషం వినిపించింది. గుడారం గాలికి ఊగుతోంది. దూరంగా ఎక్కడో మేక. కళ్ళు మూసుకుంటే మా కిటికీ అవతలి సముద్రం మెల్లగా ఇంకిపోయి ఎర్రమట్టి నేలైంది. ఆ నేల మీద నుంచి టక్, టక్ మని నీ వేళ్ళు.

"అమ్మమ్మా, ఫిల్మ్ మొత్తంలో తాతయ్య ఉన్నది ఇక్కడే. ఉంచేద్దామా? తీసేయడం ఈజీయే లా," అంది, ఈ ఊరి యాసలో చివర ఆ 'లా' తగిలించి.

"తీసెయ్. ఆ నిమిషం అక్కడివాళ్ళది. వేరేవాళ్ళు దగ్గితే వాడు ఊరుకునేవాడా?" అన్నాను.

తీసేసింది. ఆ ముక్క మాత్రం నా ఫోన్‌లో వేయించుకున్నాను, నా చెవులు సరిగ్గా పనిచేస్తున్నాయో లేదో అప్పుడప్పుడూ చూసుకోవడానికి.

నీకో పని. సినిమా చివర అందరి పేర్లూ వేస్తున్నాం. శిబిరంలో నీళ్ళ డబ్బాతో నిలబడ్డ ముసలామె పేరు నీ నోట్‌బుక్‌లో లేదు. శుక్రవారంలోపు కలలోకి వచ్చి చెప్పు. మాటలు నమలకుండా చెప్పు. దిండు పక్కన పెన్ను, కాగితం పెట్టుకుని పడుకుంటాను.

అక్క