ఆమె పేరు మీద లైక్

14 ఏప్రిల్ 2013
మనుమరాలి పుట్టువెంట్రుకలు తీయించిన ఫోటో నెట్‌లో పెట్టింది మా అమ్మాయి స్వప్న. నున్నటి గుండు, దాని నిండా గంధం. నవ్వొచ్చింది. లైక్ నొక్కాను... నా భార్య సుజాత అకౌంట్‌లోంచి. నాకంటూ వేరే లేదు. "నీకెందుకు ఇంకోటి? నాదాంట్లనే సూడరాదు" అనేది.
పోయిన దసరాకు ముందే కాలం చేసింది. నొక్కాక గుర్తొచ్చింది.

15 ఏప్రిల్
అత్వెల్లి నుంచి మరదలు రమ ఫోన్. "బావా, గిదేంది! అక్క లైక్ కొట్టిందని చూపిచ్చింది. చేతిల చాయ్ కప్పు జారి పడ్డది." నేనేనని చెప్పాను. కప్పు కొనిస్తానన్నాను. "నీ కప్పెవ్వలకు గావాలె" — నవ్వుతూనే ముక్కు చీదింది.
స్వప్న ఫోన్ చేయలేదు.

16 ఏప్రిల్
లైక్ తీసేశాను. ఎండాకాలం పోయేదాకా ఇటు చూడను. కంప్యూటర్ మీద సుజాత కుట్టిన పూల గుడ్డ కప్పాను.

28 ఏప్రిల్
సాయంత్రమైతే చేయి అటే పోతుంది. శామీర్‌పేట చెరువు కట్ట మీద సుజాత మక్కకంకి తింటున్న ఫోటో ఉంది అందులో. తీసింది నేనే. సగం నా వేలే. అదే కావాలని పెట్టుకుంది.

12 మే
ముంజలు తీసుకొని బౌరంపేట, స్వప్న ఇంటికి. పాప గుండు మీద అప్పుడే మొలకలు. అరచేతికి గరుకుగా... ఫోటోలో ఇది తెలియదు.
"లైకెందుకు తీసినవ్ నాయినా?"
"నువ్వు బాధపడతావని."
"అమ్మ పేరు చూసి ఒక్క నిమిషం మస్తు మంచిగనిపిచ్చింది. మళ్ళ చూస్తే లేదు."
లేచి వంటింట్లోకి పోయింది. చాలాసేపు గిన్నెల చప్పుడు.

9 జూన్
వాన. గుడ్డ తీశాను. స్వప్న వచ్చి నా పేరు మీద అకౌంట్ తెరిచింది. "అమ్మది అట్లనే ఉండనీ. నీది నీకుండాలె." గంటలోపే రమ రాసింది — "బావా, ఇన్నేండ్లకు కిరాయింట్లకెళ్ళి సొంతింట్లకొచ్చినవ్!"
స్వప్న వెళ్ళాక మొదటి ఫ్రెండ్ రిక్వెస్ట్ సుజాతకే పంపాను.

10 జూన్
ఆమె అకౌంట్ తెరిచి చూశాను. నా పేరు వచ్చి ఉంది. ఒప్పుకోవాలా, వద్దా అని అడుగుతోంది. నొక్కాల్సింది నేనే.
పెళ్ళిచూపులప్పుడు ఔననడానికి వారం తీసుకుంది. నేను రోజూ పోస్ట్‌మ్యాన్ కోసం వాకిట్లోనే...
ఇంకా నొక్కలేదు. ఈసారీ వారం తీసుకోనీ.