సవరంలో చుట్టిన ఫిల్ము

నేను, రాయచోటి దగ్గర మేకలు కాసుకునే ఆంజి, సిద్ధమ్మల పెద్ద కూతురు శివపార్వతిని. మా ఇంట్లో సంతకం నేర్చిన మొదటిదాన్ని. మాస్కోలో ఫిల్ము ఎడిటింగ్ చదివి, కువైట్ సిటీలో ఒక ఇంటివారి పాత కుటుంబ ఫిల్ములను అతికే పనిలో ఉన్నాను. ఊరికి రావడానికి రేపు బస్సులో జోర్డాన్‌లోని అమ్మాన్‌కు బయలుదేరుతున్నాను. ఈ దేశాన్ని ఆక్రమించిన ఇరాకీ సైనికుల తనిఖీలు దారి పొడవునా ఉన్నందున, పూర్తి తెలివితో, ఎవరి బలవంతమూ లేకుండా ఈ వీలునామా రాస్తున్నాను. ఇది వేరే బస్సులో వచ్చే ఈ ఇంటి డ్రైవరు ఖలందర్ చేతికిస్తున్నాను. అమలు జరపవలసింది నా చెల్లెలు పుష్పలత.

1. నా కత్తెర పుష్పలతకు. అది నా గురువు నీనా పావ్లోవ్నాది. ఆమె ముప్పై ఏళ్లు మాస్కో స్టూడియోలో సినిమాలు ఎడిట్ చేసింది. ఒక నటుడు దేశం విడిచి వెళ్లినప్పుడు, అతను కనిపించే ప్రతి ముక్కా తీసేయమని పైనుంచి ఆజ్ఞ వచ్చింది. తీసేసింది; ఆ ముక్కలను జామ్ డబ్బాలో దాచింది. "కోయడం మన పని, పారేయడం కాదు" అనేది. ఆమె ఉత్తరాలకు నేను జవాబు రాయలేదు. చెల్లీ, నా తరఫున నువ్వు రాయి.

2. ఉన్ని శాలువా అమ్మకు. "సినిమా కత్తిరిచ్చేదానికి అంత దూరం పోవల్నా, మన దర్జీ కాడ నేర్చుకోకూడదా?" అన్నది అమ్మే. రాయచోటి ఎండకు అది పనికిరాదు. మేకపిల్లకు కప్పినా నాకు సమ్మతమే.

3. ఎడిటింగ్‌లో తొడుక్కునే తెల్ల గ్లౌజులు ఈ ఇంటి వంటమనిషి జైతున్‌బీకి, వేడి రొట్టెలు తీయడానికి.

4. ఇది నా ఆస్తి కాదు, అయినా నా దగ్గరుంది. మామా (ఈ ఇంటి యజమానురాలిని మేమంతా అలాగే పిలుస్తాం) కొడుకు యూసుఫ్ కువైట్ సైన్యంలో ఉండేవాడు. అలాంటివాళ్ల కోసం ఇరాకీలు ఇళ్లు సోదా చేస్తున్నారని, అతను కనిపించే ఫిల్మంతా కోసి కాల్చేయమంది మామా. కోశాను. నీనా మాట విని కాల్చలేదు, కాల్చానని చెప్పాను. తర్వాత అతన్ని వీధిలో పట్టుకుపోయారు, జాడ లేదు. ఆ రోజు నుంచి మామా, నేను కోయగా మిగిలిన రీలునే తిప్పి తిప్పి చూస్తోంది. ముక్కలు ఇస్తే ఆమె దాచి ఉంచలేకపోతుంది, సోదాలో దొరికితే ఇంటిల్లిపాదికీ ముప్పు. అందుకే చెప్పలేదు. ఆ ముక్కలను నా సవరంలో చుట్టి, జైతున్‌బీ జడ వేసింది. "బిగిచ్చి కట్టినాలే పాపా, ఊడదు" అంది. నేను ఊరు చేరలేక సవరం మాత్రం చేరితే, ఇక్కడ సోదాలు ఆగాక మామాకు పంపవలెను.

5. బస్సులో నా పక్కన కూర్చునేవారికి ఈ సంగతి తెలియదు. వారికివ్వడానికి క్షమాపణ తప్ప నా దగ్గర ఏమీ లేదు.

6. సవరం కూడా చేరకపోతే, మామాకు ఎవరూ ఏమీ చెప్పరాదు. ఆ రోజే కాలిపోయాయనుకోనివ్వండి. ఆమె కొడుకు ముఖం రెండోసారి పోకూడదు.

కువైట్ సిటీ, 1990 సెప్టెంబరు 19.
(సంతకం) ఆ. శివపార్వతి

సాక్షులు: జైతున్‌బీ (వేలిముద్ర)
ఖలందర్ (సంతకం)