మామ్మ పట్టుచీర

మంగళవారం, నందిగామ లాడ్జి

ఒళ్ళు మండిపోతోంది. ముసలివాళ్ళ జీవితాల మీద నేను తీస్తున్న డాక్యుమెంటరీ కోసం పొద్దున వత్సవాయి వెళ్ళాం. ఇప్పటికీ పత్తి ఏరడానికి కూలికెళ్ళే శేషమ్మ మామ్మ, కెమెరా వస్తోందని పట్టుచీర కట్టుకుని, పౌడర్ రాసుకుని అరుగు మీద కూర్చుంది. మా ప్రొడ్యూసర్ అందరి ముందే, "చిరిగిన చీర కట్టుకో మామ్మా, చూసేవాళ్ళకి జాలి పుట్టాలి" అన్నాడు.

మామ్మ కదల్లేదు. "రేప్పొద్దున నేను పోతే దండేసేది ఈ బొమ్మకేగా నాయనా. మీ అమ్మ బొమ్మయితే చిరుగుల చీరతో గోడకి తగిలిస్తావా?" అంది.

వాడు నవ్వి కెమెరా ఆపించేశాడు. పైగా ఇందాక ఫోన్ చేసి, "ఇంకాస్త దీనంగా ఉండే ముసలిదాన్ని వెతుకు" అంటాడా!

వెతకను. రేపు నా ఫోన్‌తోనైనా మామ్మనే తీస్తా, ఆ పట్టుచీరలోనే. పౌడర్ డబ్బా కూడా నేనే కొనుక్కెళ్తా.