కామెంటు కింద గుండె బొమ్మ

రెంజల్,
ఆదివారం.

శ్రీలత మేడం గారికి నమస్కారం.

కుర్చీలో కూర్చుని చేసే మీ వ్యాయామం వీడియోలు మా అమ్మ రోజూ పెట్టుకునేది. మంగళవారం పొద్దున "ఎడమ చెయ్యి గుంజుతున్నది, గా మేడంను అడుగు" అన్నది. ముప్పై ఏళ్లు బీడీలు చుట్టిన చేతికి నొప్పి కొత్తదా అనుకున్నాను. అయినా ఆమె ఫోనులోంచే, ఎడమ చెయ్యి గుంజుతున్నా వ్యాయామం చెయ్యొచ్చా అని కామెంటు రాశాను. మీరు దానికింద ఎర్ర గుండె బొమ్మ పెట్టారు. అది అమ్మకు చూపించి "మేడం చెయ్యమన్నది అవ్వా" అన్నాను.

రెండు చేతులూ పైకెత్తి లెక్కపెడుతూ కుర్చీలోనే ఒరిగిపోయింది. గుండెపోటు అన్నారు.

మిమ్మల్ని తప్పుపట్టడం లేదు. ఆ కామెంటు తీసేయండి, చాలు. ఫోను ఇప్పుడు మా అన్న దగ్గరుంది. అమ్మ చూసిన వీడియోలన్నీ ఒక్కొక్కటే చూస్తున్నాడు. అమ్మకు రాయడం రాదని అతనికి తెలుసు.