మిగిలిన కేకుతో లాస్యకు టోస్ట్

లాస్య బాపూ,

ఫస్ట్ బస్సుకు చిన్నోన్ని కరీంనగర్ దవాఖానకు తీస్కపోతున్న. నువ్వు డ్యూటీ దిగి వచ్చేదాక లాస్యను పక్కింటి రాజక్క చూసుకుంటది.

లేవంగనే ఫ్రెంచ్ టోస్ట్ అడుగుతది. మొన్న అడిగితే నువ్వు చాయ్‌ల ముంచుకునే టోస్ట్ ప్యాకెట్ తెచ్చినవ్. “బాపుకు ఏం తెల్వది” అని మూతి ముడిచింది. అది గాదు. నిన్నటి కేకు మిగిలింది, క్రీం గీకేసి వేలు మందం ముక్కలు కొయ్యి. అర గిలాస పాలల్ల ఒక గుడ్డు గిలకొట్టు, చక్కెర వెయ్యకు. ముక్కను ముంచంగనే తియ్యాలె, నానితే చెదురుతది. పెంక మీద నెయ్యేసి సన్న మంట మీద రెండు దిక్కుల ఎర్రగ కాల్చు. నువ్వు గూడ తిను, ఉత్త కడుపుతోని పండుకోకు.

పెద్ద డాక్టర్ ఇయ్యాల ఏం చెప్తడో నాకు ఎర్కనే. ఫోన్ చేసి అడగకు, నేనే చేస్త.

మర్చిపోయిన. తమ్ముని పుట్టినరోజుకు ఇంకా నెల ఉంది గదా, నిన్ననే కేకు ఎందుకు కోసినమని లాస్య అడిగింది. పండుకో అన్న. మళ్ల నిన్ను అడుగుతది. కేకు తెచ్చింది నువ్వే, నువ్వే ఏదన్న చెప్పు.