ఆస్పత్రి పునాది బాకీ

డెబ్బై మూడేళ్ల వయసున్న మాజీ కాంట్రాక్టరునైన నేను, బుద్ధి సరిగ్గా ఉండగా, ఒకరు చెప్పగా కాక నా అంతట నేనే, నా చేతిరాతతో రాసుకుంటున్న వీలునామా ఇది. మోకాళ్లు పోయాయి, ఒక చెవి వినపడదు, మతి మాత్రం చెక్కు చెదరలేదు. ఎవరు నాకేం చేశారో వరసగా చెప్పగలను, ఇందులో చెబుతాను కూడా. ఇంతకు ముందు రాసినవేవైనా ఉంటే చెల్లవు. దీన్ని అమలుపరిచే బాధ్యత మా లాయరుగారిది.

1. నా స్వార్జితమైన ఇల్లు, మేడమీది గదితో సహా, నా భార్య బతికున్నంత కాలం ఆమెదే. ఆ తర్వాత మా అమ్మాయికి చెందుతుంది. నా భార్య బంగారు గాజులు అమ్మి ఆస్పత్రి పని కూలీలకు కూలి ఇచ్చాను. అప్పట్నుంచి ఆమె అన్నం వడ్డిస్తుంటే చూపు తిప్పుకునేవాణ్ని. బీరువా పై అరలో ఎర్ర డబ్బాలో కొత్త జత ఉంది. నిద్రపోతుండగా చేతికి దారం చుట్టి కొలత తీసుకున్నాను. ఈ కొలతకి ఏ ఇంజనీరూ రానక్కర్లేదు.

2. ప్రభుత్వ ఆస్పత్రి పునాది తాలూకు బాకీ, దాని వడ్డీ, దానికోసం నడుస్తున్న కేసు మా అమ్మాయికి దఖలు పరుస్తున్నాను. తెలియనివాళ్ల కోసం సంగతి రాస్తున్నాను. పునాది తవ్వితే కింద మెత్తటి మన్ను పడింది. అప్పటి ఇంజనీరు, మేమంతా చూద్దాంగారు అని పిలుచుకునే పెద్దమనిషి, గట్టి నేల తగిలేదాకా దిగమని, అదనపు పనికి ఉత్తర్వు తర్వాత రాసిస్తానని నోటిమాటగా చెప్పారు. ఇంకో ఆరడుగులు దిగి కాంక్రీటు పోశాను. మన్ను కప్పకముందే ఆయన వచ్చి కొలత రాసుకోవాలి. కబురు మీద కబురు పెట్టాను, రాలేదు. వాన ముంచుకొచ్చింది. గుంటలు నిండితే పని పాడవుతుందని కప్పేశాను. అప్పుడొచ్చారు. వచ్చి, "కనపడని పనికి డబ్బులెలా ఇస్తామయ్యా?" అన్నారు.

కనపడని ఆ పునాది మీదే కొన్నేళ్ల తర్వాత ఆ ఇంజనీరుగారి శాఖే ఇంకో రెండు అంతస్తులు లేపింది. కింద పునాదిని ముట్టుకోనైనా లేదు. లోతు లేకపోతే అవి దేనిమీద నిలబడ్డాయని మా అమ్మాయి, బాకీ తగువు తేల్చడానికి పెట్టిన మధ్యవర్తిగారి ముందు అడిగితే, చూద్దాంగారు ఫ్యాను వంక చూస్తూ కూర్చున్నారు. శాఖ మాకు బాకీ చెల్లించాల్సిందేనని మధ్యవర్తిగారు తీర్పిచ్చారు. శాఖవాళ్లు కోర్టుకెక్కారు. నేనెప్పుడు పోతానా అని కాచుకు కూర్చున్నారు. నేను పోగానే అమ్మాయి వారసురాలిగా కేసులో చేరాలి, గడువు దాటనివ్వకూడదు. రాజీ అంటారు, సగం అంటారు, కాఫీ కూడా ఇప్పిస్తారు. కాఫీ తాగి వచ్చెయ్యి తల్లీ, పైసా తగ్గకు.

3. చూద్దాంగారికి నా గునపం. రిటైరయ్యారు, కావలసినంత తీరిక. ఆస్పత్రి వెనక మూలన తవ్వి కళ్లారా చూసుకోవచ్చు. దీన్ని పట్టపగలు, ఇరుగుపొరుగు చూస్తుండగా ఆయన ఇంటికి చేర్చాలి. వద్దంటే గుమ్మానికి ఆనించి రావాలి.

4. ఇక నా తమ్ముడు. నాకు ఆపరేషనై మంచంలో ఉన్నప్పుడు, ఏదో చిన్న బిల్లు తాలూకు డబ్బు తెమ్మని, నా తరఫున సంతకం చేసే అధికారం రాసిచ్చి వాణ్ని ఇంజనీరు ఆఫీసుకు పంపాను. గుమాస్తా ముందు పెట్టిన కాగితం చదవకుండా సంతకం చేసొచ్చాడు. మాకిక రావలసిన బాకీ ఏదీ లేదని అందులో ఉంది. ఈ రోజు కోర్టులో శాఖవాళ్లు పట్టుకు వేలాడుతున్నది ఆ ఒక్క కాగితాన్నే. ఆనాడు వాడు గుమాస్తాను అడిగింది ఒక్కటే: "ఎక్కడ పెట్టాలి సార్?" నేను నిలదీస్తే, నమ్మి పెట్టాను, తప్పేముందన్నాడు. ఈనాటికీ తప్పని ఒప్పుకోలేదు. పైగా నేను పిల్లికి బిచ్చం పెట్టనివాణ్నని ఊరంతా చెప్పుకు తిరుగుతున్నాడు. వాడి పరీక్ష ఫీజు కోసం నేను ఇటుకలు మోశాను. అది గుర్తొస్తే కడుపు ఇంకా మండుతుంది.

అయినా సరే, రోడ్డు పక్కనున్న నా సిమెంటు గోడౌను, స్థలంతో సహా, వాడికే రాస్తున్నాను. ఒక్క మెలిక ఉంది. ఈ వీలునామాకి సాక్షిగా సంతకం చేసినవాడికి ఇందులో తన పేర రాసిన ఆస్తి దక్కదని షరతు పెడుతున్నాను. ఈ షరతు చెల్లుతుందని లాయరుగారిని రెండుసార్లు అడిగి తెలుసుకున్నాను. ఈ కాగితాలు వాడి ముందు పెట్టి సాక్షి సంతకం చెయ్యమంటాను. నా కళ్లజోడు కూడా ఇస్తాను, తొందరపెట్టను. చదివితే సంతకం చెయ్యడు, గోడౌను వాడిదవుతుంది, వాడి బదులు సాక్షిగా లాయరుగారి గుమాస్తా ఉన్నారు. చదవకపోతే గోడౌను మా అమ్మాయికి పోతుంది, కేసు ఖర్చులకి. వాడు చదవాలని, నేను ఓడిపోవాలని మనసులో ఒక మూల లేకపోలేదు.

ఇందులో రాసినదంతా నా ఇష్టప్రకారమే.

తేదీ: జూలై పన్నెండు, రెండువేల పంతొమ్మిది.

(సంతకం)

సాక్షులు:

1. ఇంజనీరు ఆఫీసు గేటు ఎదురుగా టీ కొట్టు నడిపే ఆయన. మొదటి నుంచి చివరిదాకా చదివి, నా మొహం వంక ఒకసారి చూసి, సంతకం చేశారు.

2. నా తమ్ముడు. కళ్లజోడు అక్కర్లేదన్నాడు. "ఎక్కడ పెట్టాలి అన్నయ్యా?" అన్నాడు. చూపించాను.